హెచ్చరిక దాటిన సరిహద్దును సాయం కూడా దాటాలి

అమీర్‌పేట మైత్రీవనం చుట్టుపక్కల హాస్టళ్లలో ఉండే పిల్లలను ‘మీదే ఊరు?’ అని అడిగితే రెండు తెలుగు రాష్ట్రాల పటం కళ్లముందు పరుచుకుంటుంది. ఒకరిది పలాస, ఒకరిది బాపట్ల, ఇంకొకరిది హనుమకొండ, మరొకరిది భద్రాచలం. కంప్యూటర్ కోర్సుల కోసం, ఉద్యోగ పరీక్షల కోసం వచ్చి గదికి నలుగురైదుగురు చొప్పున సర్దుకుంటున్నవారు. పంజాగుట్ట అపార్ట్‌మెంట్లలో వాచ్‌మన్లుగా, హోటళ్లలో వంటవాళ్లుగా నేపాల్ నుంచి, ఒడిశా నుంచి వచ్చినవారు పనిచేస్తున్నారు. నిమ్స్ ఆసుపత్రికి రోగులను తీసుకొచ్చి బయట నీడ చూసుకుని రోజులు గడిపేవారిలో అన్ని జిల్లాలవారూ కనిపిస్తారు. ఆదివారం ఆరాధనలో మన పక్కన కూర్చునేవారిలో వీరూ ఉన్నారు. బంగాళాఖాతంలో వాయుగుండం అన్న మాట వినపడగానే వీరి చేయి ఫోను మీదికి పోతుంది. అమ్మానాన్నలు ఎలా ఉన్నారో, పొలం ఏమైందో, ఇంటి పైకప్పు నిలిచిందో లేదో తెలిసేదాకా వీరికి నిద్ర పట్టదు.

వాతావరణ మార్పు అంటే ఐక్యరాజ్యసమితి సభల్లో పెద్దలు మాట్లాడుకునే సంగతి అనుకుంటాం. మన వీధిలో ఉన్నవారి సంగతి అనుకోం. ఎండలను, వరదలను, తుఫానులను తట్టుకోవడానికి ఎదుగుతున్న దేశాలు ఒకదానికొకటి ఎలా తోడు నిలవాలి అన్నది నేడు ప్రపంచం ముందున్న పెద్ద ప్రశ్న. ఆ ప్రశ్నకు సగం జవాబు మన ప్రాంతంలోనే దొరికిందని మా అభిప్రాయం. మిగతా సగం ఇంకా దొరకలేదు. దొరికిన సగమేమిటో, దొరకని సగమేమిటో సంఘాలు కూడా తెలుసుకోవడం మంచిదని ఈ వారం ఈ విషయం తీసుకున్నాం.

తుఫాను పేర్లు చెప్పే కథ

2010 నుంచి మన తీరాన్ని తాకిన తుఫానులను గుర్తుచేసుకోండి. 2010 మే నెలలో బాపట్ల దగ్గర లైలా. 2014 అక్టోబరు 12న విశాఖపట్నం మీద హుద్‌హుద్. 2018 అక్టోబరులో పలాస ప్రాంతాన్ని, ఉద్దానం కొబ్బరి, జీడి తోటలను నేలమట్టం చేసిన తిత్లీ. 2021 సెప్టెంబరులో కళింగపట్నం దగ్గర గులాబ్. 2023 డిసెంబరులో మళ్లీ బాపట్ల దగ్గర మిచౌంగ్. 2025 అక్టోబరు 28 రాత్రి మొంథా.

ఈ పేర్లు ఎవరు పెట్టారు? లైలా, తిత్లీ, గులాబ్ పాకిస్తాన్ ఇచ్చిన పేర్లు. హుద్‌హుద్ ఒమన్ ఇచ్చింది. మిచౌంగ్ మయన్మార్‌ది, మొంథా థాయ్‌లాండ్‌ది. మన కొబ్బరిచెట్లను కూల్చిన గాలికి పొరుగు దేశం పేరు పెట్టడం వెనుక ఒక పెద్ద ఏర్పాటు ఉంది. 1970 నవంబరులో భోలా తుఫాను నేటి బంగ్లాదేశ్ తీరాన్ని తుడిచిపెట్టి మూడు లక్షల మందికి పైగా ప్రాణాలు తీసింది. ఆ విషాదం తర్వాత, 1972లో, ప్రపంచ వాతావరణ సంస్థ, ఐక్యరాజ్యసమితి ఆసియా పసిఫిక్ కమిషన్ కలిసి ఈ ప్రాంతపు దేశాలతో తుఫానుల కోసం ఒక ఉమ్మడి సంఘాన్ని ఏర్పాటుచేశాయి. నేడు అందులో 13 దేశాలున్నాయి. 2020లో దేశానికి 13 చొప్పున 169 పేర్లతో కొత్త పట్టిక సిద్ధమైంది. భారత్, పాకిస్తాన్ ఒకే పట్టికలో ఉన్నాయి. ఇరాన్, సౌదీ అరేబియా ఒకే పట్టికలో ఉన్నాయి. ఢిల్లీలోని మన వాతావరణ శాఖ కేంద్రం ఈ దేశాలన్నిటికీ తుఫాను సమాచారం పంపుతుంది. సరిహద్దుల్లో ఎంత వేడి ఉన్నా ఈ పని ఆగలేదు.

దీని ఫలితం చిన్నది కాదు. 1977 నవంబరు 19న దివిసీమ ఉప్పెనలో దాదాపు పదివేల మంది కొట్టుకుపోయారు. ఆ తరంవారు మన సంఘాల్లో ఇంకా ఉన్నారు. తెల్లవారేసరికి ఊరు ఊరంతా లేకుండా పోయిన సంగతి వారు చెబుతుంటే వినలేం. అదే తీరంలో, మహానగరమైన విశాఖను నేరుగా తాకిన హుద్‌హుద్‌లో మృతుల సంఖ్య పదుల్లో ఆగింది. ఒక్క ప్రాణమైనా విలువైనదే. అయినా వేలకు, పదులకు మధ్య ఉన్న తేడా ముందుగా అందిన కబురు వల్ల, ఆ కబురు విని జనాన్ని తరలించినవారి వల్ల వచ్చింది.

బంగ్లాదేశ్ ఇంకా ఎక్కువ నేర్పుతుంది. 1991లో అక్కడ తుఫానుకు లక్షా ముప్పై ఎనిమిది వేల మంది చనిపోయారు. 2007లో సిద్ర్ తుఫానుకు మూడు వేలకు పైగా. 2020లో ఆంఫన్ వచ్చినప్పుడు ఆ దేశంలో మృతులు పదుల సంఖ్యలోనే. మన పొరుగు దేశం ఇది సాధించింది. ఉపగ్రహాల పాత్ర ఉంది. అంతకంటే ముఖ్యమైనది 1972లో అక్కడి ప్రభుత్వం, రెడ్ క్రెసెంట్ కలిసి మొదలుపెట్టిన స్వచ్ఛంద సేవకుల దళం. నేడు అందులో 76 వేల మంది ఉన్నారు, సగం మంది స్త్రీలే. చేతిలో మైకుతో, జెండాతో గడపగడపకూ వెళ్లి ‘లేవండి, బయల్దేరండి’ అని చెప్పేది వీరే. ముసలివారిని భుజాన వేసుకుని ఆశ్రయ భవనానికి చేర్చేదీ వీరే.

మన నగరానికీ ఇందులో వాటా ఉంది. 2004 డిసెంబరు 26 సునామీ తర్వాత, 2007లో హైదరాబాద్ ప్రగతినగర్‌లోని ఇన్‌కాయిస్ సంస్థలో సునామీ హెచ్చరిక కేంద్రం మొదలైంది. ఆస్ట్రేలియా, ఇండొనేషియా కేంద్రాలతో కలిసి హిందూ మహాసముద్ర తీర దేశాలకు అది సునామీ సమాచారం అందిస్తోంది. సముద్రానికి వందల కిలోమీటర్ల దూరంలో ఉన్న నగరం పరాయి దేశపు మత్స్యకారులకు కావలి కాస్తోంది. పటాన్‌చెరులో 1972 నుంచి పనిచేస్తున్న ఇక్రిశాట్ సంస్థ వానలు తక్కువ పడే నేలలకు తగిన జొన్న, సజ్జ, కంది, శనగ, వేరుశనగ రకాలను మన రైతులకే కాక ఆఫ్రికా రైతులకూ అందిస్తోంది.

2025 ఆగస్టులో ఇంకొక సంగతి జరిగింది. సింధూ జలాల ఒప్పందాన్ని భారత్ అప్పటికే పక్కన పెట్టింది. రెండు దేశాల మధ్య మాటలు లేవు. అయినా తావి నది పొంగుతోందని మన దేశం దౌత్య కార్యాలయం ద్వారా పాకిస్తాన్‌కు కబురు పంపింది. పగ ఉన్నచోట కూడా ప్రాణం పోతుందని తెలిసినప్పుడు నోరు విప్పక తప్పలేదు. ఇదే మేము చెప్పిన దొరికిన సగం జవాబు.

కబురు ఆగిపోయే చోటు

ఇప్పుడు మిగతా సగం చూద్దాం. హుద్‌హుద్ విశాఖపట్నంలో ఆగిపోలేదు. బలహీనపడి ఉత్తరంగా సాగి, రెండు రోజుల తర్వాత, అక్టోబరు 14న, నేపాల్ అన్నపూర్ణ కొండల మీద మంచు తుఫానై విరుచుకుపడింది. నలభై మందికి పైగా చనిపోయారు. కొండలెక్కడానికి వచ్చిన విదేశీయులతో పాటు బరువులు మోసే కూలీలు, దారి చూపేవారు వారిలో ఉన్నారు. విశాఖలో లక్షల మందిని కదిలించిన కబురు ఆ కొండదారుల్లో నడుస్తున్నవారికి వేళకు చేరలేదు. తుఫాను ఒకటే. తీరంలో ఉన్నవారికి కబురు అందింది, కొండమీద ఉన్నవారికి అందలేదు.

మొంథా కూడా ఇలాగే చేసింది. తీరం దాటిన మర్నాడు లోతట్టున ఉన్న వరంగల్, హనుమకొండ కాలనీలు నీట మునిగాయి. సముద్రం చూడని ఊళ్లు సముద్రపు తుఫానుకు చిక్కాయి. 2025 నవంబరు చివర శ్రీలంకలో దిత్వా తుఫాను, దానితో విరిగిపడిన కొండచరియలు ఆరు వందల మందికి పైగా ప్రాణాలు తీశాయి. మన దేశం వెంటనే సహాయక దళాలను, సరుకులను పంపింది. అది మెచ్చదగిన పని. కానీ ఆపద వచ్చాక పరుగెత్తడం ఒకటి, ఆపదకు ముందే కలిసి సిద్ధపడటం ఇంకొకటి.

రాష్ట్రాల మధ్య సంగతీ ఇంతే. 2024 సెప్టెంబరు 1న మున్నేరు పొంగి ఖమ్మం కాలనీలను ముంచింది. అదే మున్నేరు దిగువన ఆంధ్రప్రదేశ్‌లోకి పారి కృష్ణలో కలుస్తుంది. అదే రోజుల్లో విజయవాడలో బుడమేరు పొంగి లక్షల మంది నీళ్ల మధ్య చిక్కుకున్నారు. ప్రకాశం బ్యారేజీకి 11 లక్షల క్యూసెక్కులకు పైగా వరద వచ్చింది. వాగుకు రాష్ట్రం ఎల్లలు తెలియవు. నీటి వాటాల మీద ఎన్ని తగవులున్నా, ఎగువన పడిన వాన దిగువకు ఎన్ని గంటల్లో చేరుతుందో కలిసి లెక్కగట్టడానికి, ఎగువ గట్టును దిగువవారి క్షేమం కోసం కూడా బాగుచేయడానికి తగవు అడ్డం రాకూడదు.

దేశాల స్థాయిలో ఆ కలిసి పనిచేయడం కుంటుపడింది. దక్షిణాసియా దేశాల కూటమి సార్క్ అధినేతలు చివరిసారి కలుసుకున్నది 2014 నవంబరులో, ఖాట్మండులో. ఆ తర్వాత వారి శిఖరాగ్ర సభ జరగలేదు. ఇక డబ్బు సంగతి చూడండి. ఐక్యరాజ్యసమితి పర్యావరణ కార్యక్రమం 2025లో ఇచ్చిన నివేదిక ప్రకారం, వాతావరణ మార్పును తట్టుకునే పనులకు 2035 నాటికి ఎదుగుతున్న దేశాలకు ఏటా 31 వేల కోట్ల నుంచి 36 వేల 500 కోట్ల డాలర్ల దాకా అవసరం. 2023లో ధనిక దేశాల నుంచి ఇందుకోసం వచ్చిన ప్రభుత్వ నిధులు 2 వేల 600 కోట్ల డాలర్లు. కావలసిన దానిలో పన్నెండో వంతు. పొగ వదిలి సంపన్నులైనవారు తీర్చవలసిన బాకీ ఇది. దానం అడిగినట్టు కాక బాకీ అడిగినట్టే అడగాలి. అయితే ఆ బాకీ వసూలయ్యేదాకా వాన ఆగదు. కనుక ఇరుగుపొరుగు దేశాలు, రాష్ట్రాలు తమ చేతుల్లో ఉన్నదాన్ని ముందు పంచుకోవాలి.

హెచ్చరిక సరిహద్దు దాటుతోంది. బాధ్యత ఇంకా దాటడం లేదు. మేము చెప్పదలచింది ఇదొక్కటే.

మన వీధిలో దీని రూపం

ఈ తేడా అమీర్‌పేటలో కూడా కనబడుతుంది. పక్కనే ఉన్న బేగంపేట వాతావరణ కేంద్రంలో 2000 ఆగస్టు 24న ఒక్క రోజులో 24 సెంటీమీటర్ల వాన నమోదైంది. 2020 అక్టోబరు 13, 14 తేదీల్లో 19 సెంటీమీటర్లు. 2025 ఆగస్టులో మైత్రీవనం, బుద్ధనగర్, గంగూబాయి బస్తీ నీట మునిగితే ముఖ్యమంత్రి స్వయంగా వచ్చి చూశారు. ఇక్కడ వీధిలో నిలిచే నీళ్లన్నీ ఇక్కడ పడినవి కావు. ఎగువ కాలనీల్లో చెరువులు పూడిపోయి, నాలాలు ఇరుకైపోతే ఆ నీరు పల్లంలో ఉన్న బస్తీల మీద పడుతుంది. ఎగువవారి ఇంటి విస్తీర్ణం దిగువవారి ఇంట్లో మోకాలిలోతు నీరవుతుంది. దేశాల మధ్య ఉన్న అన్యాయమే నాలా పొడవునా చిన్న రూపంలో కనిపిస్తుంది.

తాగే నీటి సంగతి చూసినా అంతే. మన కుళాయిల్లోకి కృష్ణా నీరు నాగార్జునసాగర్ నుంచి, గోదావరి నీరు ఎల్లంపల్లి నుంచి వస్తుంది. 2016 వేసవిలో సింగూరు, మంజీర, ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ ఎండిపోయినప్పుడు ఈ దూరపు నదులే నగరాన్ని కాపాడాయి. ఆ నదులు మహారాష్ట్రలో పుట్టినవి. కృష్ణ కర్ణాటకను కూడా దాటి మన దాకా వస్తోంది. పొరుగువారి కొండల మీద వాన పడితేనే పంజాగుట్టలో కుళాయి తిరుగుతుంది.

ఈ నగరం ఒకసారి పొరుగు సాయం తీసుకుని బాగుపడింది కూడా. 1908 సెప్టెంబరు 28న మూసీ వరదకు దాదాపు పదిహేను వేల మంది చనిపోయారు. అప్పుడు నిజాం ప్రభుత్వం మైసూరు ప్రాంతంవాడైన మోక్షగుండం విశ్వేశ్వరయ్యను పిలిపించింది. ఆయన సలహాతోనే ఎగువన జలాశయాల ఆలోచన వచ్చింది. 1920లో ఉస్మాన్‌సాగర్, 1927లో హిమాయత్‌సాగర్ పూర్తయ్యాయి. దిగువ నగరాన్ని కాపాడాలంటే ఎగువన పని చేయాలన్న పాఠం మనకు వందేళ్ల క్రితమే తెలుసు.

ఎండ విషయంలోనూ ఒకరి అనుభవం ఇంకొకరికి పనికొచ్చింది. 2010 వేసవిలో ఎంతోమందిని కోల్పోయిన అహ్మదాబాద్ 2013లో దక్షిణాసియాలోనే మొదటిసారిగా వడగాడ్పులకు నగర ప్రణాళిక వేసుకుంది. 2015 మే నెలలో వడగాడ్పులకు దేశంలో రెండు వేల మందికి పైగా చనిపోతే వారిలో అత్యధికులు మన రెండు రాష్ట్రాలవారే. ఆ తర్వాత మనమూ నేర్చుకున్నాం. బంజారాహిల్స్ వైపున్న దేవరకొండ బస్తీలో పాతిక పేద ఇళ్ల పైకప్పులకు ఎండను తిప్పికొట్టే పొర వేసి చూస్తే గదిలో వేడి సగటున రెండు డిగ్రీలు తగ్గింది. 2023 ఏప్రిల్‌లో తెలంగాణ ప్రభుత్వం కూల్ రూఫ్ విధానం తెచ్చింది. అయిదేళ్లలో రాష్ట్రంలో 300 చదరపు కిలోమీటర్ల పైకప్పులను చల్లబరచాలన్నది లక్ష్యం. మంచి విధానమే. కాని నివాస గృహాల్లో 600 గజాలు, ఆపైన ఉన్నవాటికే అది తప్పనిసరి. చిన్న ఇళ్లకు ఇష్టముంటేనే. రేకుల కింద, మిద్దె గదుల్లో ఉడికిపోతున్నవారు ఉండేది ఆ చిన్న ఇళ్లలోనే కదా! అద్దెకున్నవారికి పైకప్పు మీద హక్కు లేదు, యజమానికి ఆ గదిలోని వేడి తెలియదు. ఇక్కడా కబురు చేరింది, సాయం చేరలేదు.

సంఘాలు చేయగలిగినది

‘మనకే చాలని చోట పొరుగువారికి ఏం పెడతాం?’ అని కొందరు అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. దానికి జవాబుగా మన పాఠకులకు బాగా తెలిసిన ఒక సంగతి గుర్తుచేస్తాం. అపొస్తలుల కార్యములు పదకొండో అధ్యాయంలో అగబు రాబోయే కరవును ముందుగా తెలియజేశాడు. అంతియొకయలోని శిష్యులు అది విని తమ గాదెలు మాత్రమే నింపుకోలేదు. దూరాన యూదయలో ఉన్న సహోదరులకు ఎవరి శక్తికొద్దీ వారు సాయం పంపాలని నిశ్చయించుకుని పంపారు. కబురు విన్నప్పుడే చేయి కదిలింది. ఇవాళ నిపుణులు ముందస్తు సహాయం అని కొత్తగా చెబుతున్నది ఇదే. వరద వచ్చాక పంచే బియ్యం కంటే, వరదకు మూడు రోజుల ముందు అందిన బస్సు చార్జీ, పశువుల తరలింపు ఖర్చు ఎక్కువ మేలు చేస్తాయి.

మన సంఘాలకు ఇది కొత్త కాదు. దివిసీమ ఉప్పెన తర్వాత కాసా వంటి క్రైస్తవ సేవా సంస్థలు తీరంలో తుఫాను ఆశ్రయ భవనాలు కట్టించాయి. మతం అడగకుండా అందరికీ తలుపు తెరిచిన భవనాలవి. ఆ పరంపరలో అమీర్‌పేట, పంజాగుట్ట సంఘాలు ఇప్పుడు చేయగలిగినవి కొన్ని చెబుతాం.

మొదటిది, తెలుసుకోవడం. మన చర్చికి నడిచి వెళ్లగలిగినంత దూరంలో సెల్లార్లలో, నాలా పక్కన, రేకుల గదుల్లో ఎవరుంటున్నారు? ఒంటరి వృద్ధులు, వాచ్‌మన్ కుటుంబాలు, హాస్టల్ పిల్లలు ఎవరెవరు? వారి భాష ఏది? యువజనులు రెండు ఆదివారాల మధ్యాహ్నాలు ఇస్తే ఈ వివరాలు చేతికొస్తాయి. బంగ్లాదేశ్ దళం కూడా ఇలాంటి గడపగడప పనితోనే ప్రాణాలు కాపాడుతోంది. వాతావరణ శాఖ హెచ్చరిక అందరి ఫోన్లకూ వస్తుంది. దాన్ని నేపాలీలోనో ఒడియాలోనో చెప్పి, ముసలమ్మను చేయి పట్టుకుని పై అంతస్తుకు తీసుకెళ్లే మనిషి ఫోనులోంచి రాడు.

రెండోది, మన కట్టడాలు. వారంలో ఆరు రోజులు చాలా చర్చి హాళ్లు తాళం వేసే ఉంటాయి. ఏప్రిల్, మే నెలల్లో పన్నెండు నుంచి నాలుగు గంటల దాకా ఫ్యాన్లు తిప్పి, మంచినీళ్లు, మజ్జిగ పెట్టి డెలివరీ కుర్రాళ్లకు, ఆటో డ్రైవర్లకు, ఆసుపత్రికి వచ్చినవారికి తలుపు తెరవవచ్చు. చర్చి పైకప్పుకు తెల్లటి పూత వేయించడం, పక్క వీధిలోని పేద ఇంటి పైకప్పుకూ వేయించడం ఒక పండుగ అలంకరణ ఖర్చుతో అయ్యే పని.

మూడోది, తోటి సంఘం. నగరంలోని ప్రతి సంఘం తీరంలోనో, నదీ తీరంలోనో ఉన్న ఒక సంఘంతో ముందే మాట్లాడుకుని కొంత సొమ్ము విడిగా ఉంచితే, హెచ్చరిక వచ్చిన రోజునే అది కదులుతుంది. ఎవరి చేతికి ఇవ్వాలి, దేనికి ఖర్చుపెట్టాలి అన్నది ఎండాకాలంలోనే రాసి పెట్టుకోవాలి. నీళ్లు గడపలోకి వచ్చాక కమిటీ కూర్చోవడం వల్ల లాభం లేదు. ఆ సాయం ఊరందరిదీ కావాలి, మన విశ్వాసులకే కాదు.

నాలుగోది, అడగడం. నాలాల వెడల్పు, హాస్టల్ గదుల్లో గాలి వెలుతురు, చిన్న ఇళ్లకు కూల్ రూఫ్ సాయం గురించి పాలకులను మర్యాదగా, పట్టుదలగా అడగాలి. రెండు తెలుగు రాష్ట్రాలు వరద లెక్కలను దాపరికం లేకుండా పంచుకోవాలని అడగాలి. పొరుగు దేశాలతో రాజకీయం ఎలా ఉన్నా వాతావరణ సహకారాన్ని దానికి బలి చేయవద్దని అడగాలి. ఇది రాజకీయం కాదు, పొరుగువాని క్షేమం.

ఈ ఏడాది కూడా బంగాళాఖాతంలో వాయుగుండాలు వస్తాయి. వాటిలో కొన్నింటికి ఏదో ఒక పొరుగు దేశం ఇచ్చిన పేరు పడుతుంది. ఆ పేరు వార్తల్లో వినగానే ప్రార్థన చేద్దాం. ప్రార్థన ముగించి లేచాక ఎవరికి ఫోను చేయాలో, ఏ తలుపు తెరవాలో, ఎంత సొమ్ము ఎవరికి పంపాలో మన సంఘానికి అప్పటికే తెలిసి ఉండాలి. ఆ పనికి వానాకాలం రాకముందే కూర్చోవడం మంచిది.